నుదురు లేచిన రోజు

సోమవారం పొద్దున పదింటి మీటింగ్‌లో నా ముఖం సగం పని చేయడం లేదని మొదట గమనించింది మా మేనేజర్ శ్రీనివాసరావు గారు. కాకపోతే ఆయన నేరాన్ని నెట్‌వర్క్ మీదికి తోసేశారు.

"తిరుపతీ, నీ వీడియో హ్యాంగ్ అయిందయ్యా. సగం కదులుతోంది, సగం కదలట్లేదు. ఓసారి లాగౌట్ అయి మళ్లీ రా."

వెళ్లాను, వచ్చాను. ఆయన తృప్తిపడలేదు. ల్యాప్‌టాప్ రీస్టార్ట్ చేయమన్నారు, చేశాను. పుణె నుంచి ఒకరు, చెన్నై నుంచి ఒకరు తలా ఒక సలహా ఇచ్చారు. సాఫ్ట్‌వేర్ వాళ్లం కదా, మనిషి ముఖంలో లోపం ఉండొచ్చని ఒక్కరికీ తట్టలేదు. చివరికి కెమెరా ఆఫ్ చేసుకోమన్నారు, మీటింగ్ సాగిపోయింది.

మీటింగ్ అయ్యాక వాష్‌రూమ్‌కి వెళ్లి నోట్లో నీళ్లు పోసుకుంటే, అవి కుడి పక్కనుంచి నా అనుమతి లేకుండా బయటికి వచ్చేశాయి. అద్దంలో చూసుకున్నాను. నవ్వాను. ఎడమ వైపు మాత్రమే నవ్వింది. కుడి వైపు ఎవరో కొత్త మనిషి నన్ను పరిచయం లేనట్టు చూస్తున్నాడు.

పక్షవాతమే అనుకున్నాను. కిందటి నెలే నానక్‌రామ్‌గూడలో మా పక్కింటి పెంటయ్య తాతకు పొద్దున మూతి వంకర పోయింది, సాయంత్రానికి కాలూ చెయ్యీ పడిపోయాయి. తాతకు డెబ్బై ఏళ్లు. నాకు ఇరవై ఏడు. ఇంట్లో నేనూ అమ్మే ఉంటాం. నాకు కాలూ చెయ్యీ పడిపోతే అమ్మ ఎవరిని పట్టుకుని నిలబడుతుందన్న ఆలోచన ఒక్కటే తలలో తిరుగుతోంది. లిఫ్ట్ కోసం ఆగకుండా మెట్లు దిగి, రాయదుర్గంలోని మా ఆఫీసు టవర్ కింది అంతస్తులో ఉన్న క్లినిక్‌లోకి పరిగెత్తాను.

అక్కడి నర్సు కృపమ్మ గారు నన్ను చూడగానే మారు మాట లేకుండా లోపలికి తోశారు. లోపల డాక్టర్ ప్రియదర్శిని ఉన్నారు. అంతవరకు ఆవిడ పేరు బోర్డు మీద చూడటమే తప్ప మనిషిని చూడలేదు.

"ఎప్పటి నుంచండి?"

"తెల్వది మేడమ్. పొద్దున లేచేసరికే గిట్లున్నట్టుంది."

"అద్దంలో చూసుకోలేదా?"

"సోమవారం నాడు అద్దం చూసే టైమ్ ఎక్కడిది మేడమ్. జర అంబులెన్స్ పిలువుండ్రి."

ఆవిడ అంబులెన్స్‌ని పిలవలేదు. నా రెండు చేతులూ ముందుకు చాపించి చూశారు. తన వేళ్లు గట్టిగా పట్టుకోమన్నారు. గదిలో నాలుగు అడుగులు నడిపించారు. ఆ తర్వాత తీరిగ్గా డ్రాయర్ తెరిచి ఒక కాఫీ పొడి ప్యాకెట్ తీశారు.

"కళ్లకు చెయ్యి అడ్డం పెట్టుకోండి. ఒక ముక్కు మూసుకుని వాసన చూసి చెప్పండి, ఇదేంటో."

"కాఫీ. మేడమ్, వంకర పోయింది నా మూతి. ముక్కు మంచిగనే ఉన్నది."

"రెండో ముక్కు."

"ఇది కూడా కాఫీనే. మీకు సమజ్ అయితలేదు."

ఆవిడ ప్యాకెట్ పక్కన పెట్టి నా వైపు చూశారు. కోపం లేదు గానీ, క్లాసులో చివరి బెంచీని చూసే చూపు అది.

"మెదడు నుంచి తలకీ మెడకీ పన్నెండు జతల నరాలు వస్తాయండి. ముఖాన్ని కదిలించేది ఏడోది. అది పని చేయట్లేదని వీధిలో వెళ్లేవాళ్లకైనా తెలుస్తుంది. మిగతా పదకొండూ బాగున్నాయో లేదో చూస్తేనే కదా, గొడవ ఏడోదానితో ఆగిందో, లోపలికి వెళ్లిందో తెలిసేది."

నేను నోరు మూసుకున్నాను, అంటే ఎడమ వైపు మూసుకున్నాను. నా ఉద్యోగం టెస్టింగ్. ఒక బటన్ పని చేయడం లేదంటే దాని చుట్టుపక్కల బటన్లన్నీ నొక్కి చూడటానికే నాకు జీతం ఇస్తారు. అంత భయంలోనూ ఆవిడ పద్ధతి నాకు నచ్చింది.

గోడ మీద అక్షరాలు చదివించారు. తర్వాత కుర్చీ లాక్కుని, చెయ్యి చాపితే అందేంత దూరంలో నాకు ఎదురుగా కూర్చున్నారు.

"ఎడమ కన్ను మూసుకోండి. నా ముక్కు వైపే చూడాలి, పక్కకి చూడకూడదు. నా వేలు కదిలినప్పుడు చెప్పండి."

చూడమన్నారు కాబట్టి చూశాను. ఆ ముక్కు మీద చిన్న ముక్కుపుడక ఉంది, పక్కన కళ్లజోడు ఆనిన గుర్తు ఉంది. ఆ పైన ఉన్న కళ్లు నన్ను దాటి నా లోపల దేన్నో శ్రద్ధగా వెతుకుతున్నాయి. నన్ను ఇంత శ్రద్ధగా ఎవరూ ఎప్పుడూ చూడలేదు.

"వేలు కదిలిందండి," అన్నారు ఆవిడ.

"ఆ. కదిలింది."

"ఎప్పుడో కదిలింది. మీరు ఇప్పుడు చెప్తున్నారు."

రెండో సారి బుద్ధిగా చెప్పాను. కంట్లోకి టార్చి వేసి చూశారు. తల తిప్పకుండా తన వేలు ఎటు వెళ్తే అటు కళ్లు తిప్పమన్నారు. దూది పోగుతో నుదురు, బుగ్గ, గడ్డం తాకి తెలుస్తోందా అని అడిగారు. పళ్లు బిగబట్టించి దవడ పట్టుకుని చూశారు. చెవి దగ్గర గుసగుసగా అంకెలు చెప్పి తిరిగి చెప్పమన్నారు, చెవి లోపల పొక్కులేమైనా ఉన్నాయేమోనని లైటు వేసి వెతికారు. నోరు తెరిపించి "ఆఁ" అనిపించి గొంతు చూశారు. భుజాలు ఎగరేయించారు. నాలుక బయటికి చాపించారు. ఒక ఆడపిల్ల ముందు మొదటి పరిచయంలోనే ఇన్ని వేషాలు వేసిన మగవాడు రాయదుర్గం మొత్తంలో నేనొక్కడినే అయి ఉంటాను.

ఏడోదాన్ని మాత్రం చివరికి ఉంచారు.

"ఇప్పుడు నుదురు పైకి ఎత్తండి. ఆశ్చర్యపోయినట్టు."

ఎత్తాను. ఎడమ వైపు ముడతలు పడ్డాయి. కుడి వైపు ఇస్త్రీ బట్టలా చదునుగా ఉండిపోయింది. ఆవిడ దగ్గరికి వంగి చూసి, "అమ్మయ్య," అన్నారు.

నాకు ఒళ్లు మండింది. "నుదురు కూడ పోయిందంటే అమ్మయ్య అంటరేంది మేడమ్?"

"చెప్తాను వినండి. నుదుటికి మెదడు రెండు వైపుల నుంచీ కరెంటు ఇస్తుంది. మెదడులో ఒక వైపు దెబ్బ తగిలినా రెండో వైపు నుంచి సప్లై ఉంటుంది. అందుకని పక్షవాతంలో సాధారణంగా మూతి పడిపోతుంది, నుదురు మాత్రం లేస్తుంది. మీకు మూతితో పాటు నుదురూ లేవట్లేదు, మిగతావన్నీ బాగున్నాయి. అంటే మెదడు బాగానే ఉంది. బయటికి వచ్చాక చెవి దగ్గర ఎక్కడో ఆ నరం వాచింది."

"అంటే, నుదురు లేస్తే పరేషాన్, లేవకుంటే నిమ్మళం. గంతేనా?"

"అంతేనండి. చాలామందికి వారాల్లోనే తగ్గిపోతుంది. అయినా పెద్ద డాక్టరు విశ్వేశ్వరరావు గారికి ఇవాళే చూపిద్దాం. మందులు ఆలస్యం చేయకూడదు."

కాలూ చెయ్యీ పడిపోవన్న మాట లోపలికి దిగేసరికి నా కుడి కంట్లోంచి నీళ్లు బొటబొటా కారాయి. ఆవిడ టిష్యూ అందించి, "ఏడుపు కాదండి అది. రెప్ప మూతపడక కన్ను కారుతోంది," అన్నారు. నిజానికి అది ఏడుపే. ఆవిడకీ తెలుసు. నాకొక సాకు ఇచ్చి పరువు నిలబెట్టారు. నేను ఆ టిష్యూ దగ్గరే ప్రేమలో పడిపోయాను.

విశ్వేశ్వరరావు గారు చూసి అదే మాట చెప్పారు. మాత్రలు రాశారు. ప్రతి సోమవారం క్లినిక్‌లో ప్రియదర్శిని గారికి చూపించుకోమన్నారు. అప్పటిదాకా సోమవారాన్ని తిట్టుకుంటూ లేచే నేను, ఆదివారం సాయంత్రం నుంచే చొక్కా ఇస్త్రీ చేసుకోవడం మొదలుపెట్టాను.

ఆ జబ్బులో ఒక తిరకాసు ఉంది. నా కుడి రెప్ప పడదు, ఎడమ రెప్ప పడుతుంది. అంటే నేను మామూలుగా రెప్ప వేసిన ప్రతిసారీ ఎదుటివాళ్లకు కన్ను కొట్టినట్టు కనిపిస్తుంది. షేర్ ఆటోలో ఎదురుగా కూర్చున్న ఒక పెద్దమ్మ మూడు రెప్పపాట్ల దాకా ఓర్చుకుంది.

"ఏం పోరనివిరా నువ్వు. తల్లి వయసుదాన్ని చూసి కన్ను కొడ్తున్నవ్?"

నేను చెప్పబోతే మూతి కూడా వంకరగా నవ్వినట్టయింది. ఆటోవాడు నన్ను దింపేశాడు. కురుస్తున్న వానలో ఆఫీసు దాకా నడిచి, తడిసిన కోడిలా క్లినిక్‌కి చేరి జరిగింది చెప్పాను. ప్రియదర్శిని గారు నవ్వు ఆపుకోవడానికి స్టెతస్కోప్ సర్దుకున్నారు, పెన్ను సర్దుకున్నారు, చివరికి ఆపుకోలేక బల్ల మీద తల పెట్టి నవ్వేశారు. తర్వాత ప్రిస్క్రిప్షన్ కాగితం తీసి సీరియస్‌గా రాశారు: ఈయన కన్ను కొట్టడం లేదు, దయచేసి ఆటోలో కూర్చోనివ్వగలరు. కింద సంతకం, స్టాంపు.

"మీరు కాకినాడోళ్లా మేడమ్?"

"కాకినాడ పక్కన. ఎలా తెలిసింది?"

"తిట్టేటప్పుడు కూడ అండి అంటున్నరు."

"మిమ్మల్ని నేనెప్పుడు తిట్టానండి?"

"చూపుతోని తిట్టిన్రు. మొదటి రోజు, కాఫీ ప్యాకెట్ పక్కకు పెట్టి."

ఆ కాఫీ మాట రాగానే ధైర్యం చేసి, "బయట ఒక రోజు నిజం కాఫీ తాగుదామా," అన్నాను.

ఆవిడ నవ్వు తగ్గించారు. "పేషెంట్లతో కాఫీకి వెళ్లనండి. అది మా పద్ధతి."

"పేషెంట్ కాకుంటే?"

"పేషెంట్ కాకపోతే ఇక్కడికి ఎందుకొస్తారు?"

ఈ లెక్క నేను ఎన్ని రకాలుగా వేసినా తెగలేదు. ముఖం బాగుకావాలి, ఆవిడకు చెప్పాలంటే. ముఖం బాగైతే ఆవిడ గదిలోకి వెళ్లే హక్కు పోతుంది. సగం ముఖంతో ప్రేమ సంగతి చెప్పడం నాకిష్టం లేదు. నిండు ముఖంతో, ఒకే ఒక్కసారి, సూటిగా చెప్పాలని నిర్ణయించుకున్నాను.

నాలుగో సోమవారం నుదురు ఇంకా లేవలేదు గానీ పెదవి మూల చీమ పాకినంత కదిలింది. ఆవిడ ముఖం వెలిగిపోయింది. "వచ్చేస్తోందండి. వచ్చే రెండు వారాల్లో చూడండి. అంతా నార్మల్ అయితే ఫైల్ క్లోజ్ చేసేస్తాను. మీకు ఈ తిప్పలు తప్పుతాయి."

ఫైల్ క్లోజ్ అన్న మాట నాకు శుభవార్తలా వినిపించలేదు.

రెండు వారాలు గడిచాక, ఆదివారం మధ్యాహ్నం మజ్జిగ తాగుతుంటే ఒక్క చుక్క కూడా కారలేదు. ముందు చూసింది మా అమ్మ నీలమ్మ. గిన్నె కింద పెట్టి నా గడ్డం పట్టుకుంది.

"నవ్వు బిడ్డా."

నవ్వాను. అమ్మ ఏడ్చింది. పోచమ్మకు బోనం ఎత్తుతానని మొక్కుకుందట, ఆ సంగతి అప్పుడు చెప్పింది. నాకు కూడా గుండెల మీంచి బండరాయి దింపినట్టయింది. అద్దం ముందు నిలబడి అరగంట సేపు నవ్వుకున్నాను. ఆ ఊపులోనే ప్రియదర్శిని గారి సంగతి అమ్మకు చెప్పేశాను.

"గింతేనా? నోరు మంచిగైంది గదా. రేపు పోయి చెప్పు."

"ఒద్దంటే?"

"ఒద్దంటే ఒద్దంటది. గంతకన్న ఏమైతది?"

అమ్మ అన్నంత తేలిక కాదది. సోమవారం క్లినిక్ కుర్చీలో కూర్చున్నాను. బయట ముసురు పట్టి ఉంది. ఆవిడ ఫైల్ తెరిచి, చివరి పేజీ మీద పెన్ను ఆనించి, "ఎలా ఉందండి," అన్నారు. ఆ పెన్ను కదిలితే అయిపోతుంది. దారంతా వల్లె వేసుకున్న నాలుగు వాక్యాల్లో ఒక్కటీ నోటికి రాలేదు.

నేను కుడి పెదవి మూల మెల్లగా కిందికి జార్చాను. "ఇంకా గట్లనే ఉన్నది మేడమ్."

ఒక్క వారం. ఇంకొక్క సోమవారం దొరికితే ధైర్యం కూడగట్టుకుంటానని నా ఉద్దేశం. అంతకు మించి చెడు తలంపేమీ లేదు.

"అయ్యో. సరే, చూద్దాం." ఆవిడ పెన్ను పక్కన పెట్టి, టార్చి తీసుకున్నారు. "నుదురు ఎత్తండి."

ఎత్తాను.

ఆవిడ టార్చి ఇంకా దగ్గరికి తెచ్చారు. "మళ్లీ ఎత్తండి."

మళ్లీ ఎత్తాను. రెండు వైపులా ముడతలు శుభ్రంగా పడ్డట్టున్నాయి. ఒక వైపు నుదురును మాత్రమే ఎత్తకుండా ఆపడం నాకెలా వస్తుంది?

"కళ్లు గట్టిగా మూయండి. పళ్లు చూపించండి."

కళ్లు రెండూ మూశాను. పళ్లు మాత్రం శ్రద్ధగా ఎడమ వైపే చూపించాను. కళ్లు తెరిచేసరికి ఆవిడ ముఖంలో నెత్తురు చుక్క లేదు. చేతిలో టార్చి వణుకుతోంది.

"చేతులు ముందుకు చాపండి. తలనొప్పిగా ఉందా? కళ్లు తిరుగుతున్నాయా? పొద్దున నడక ఎలా ఉంది? కృపమ్మ గారూ, అంబులెన్స్‌కి ఫోన్ చేయండి, వెంటనే."

అప్పుడు గుర్తొచ్చింది. మూతి పడి నుదురు లేస్తే పరేషాన్. మొదటి రోజు నేనే నా నోటితో అప్పజెప్పిన పాఠం అది. నేను ఆవిడ కళ్ల ముందు పక్షవాతం నటిస్తున్నాను.

"మేడమ్, జర ఆగుండ్రి."

"మాట్లాడకండి. నా చెయ్యి పట్టుకోండి. గట్టిగా. వదలకండి." ఆవిడ రెండు చేతుల్తో నా చెయ్యి పట్టుకున్నారు. కళ్ల నిండా నీళ్లు. "నన్నే చూడండి తిరుపతి గారూ. ఏం కాదు. మిమ్మల్ని ఏమీ కానివ్వను. ముఖం ఒక్కటే కదా అనుకుని ఇన్ని రోజులు నేనెంత తేలిగ్గా తీసుకున్నానో."

"నాకేం కాలే మేడమ్. నేను నటించిన."

"స్ట్రోక్ వచ్చినవాళ్లు చాలామంది ఏం కాలేదనే అంటారు. మీరు మాట్లాడకండి."

ఇక మాటలతో పని జరగదని తెలిసిపోయింది. నేను లేచి నిలబడి నిండుగా నవ్వాను, కుడి చెవి నుంచి ఎడమ చెవి దాకా. బుగ్గలు పూరించాను. కుడి కన్ను ఒక్కటే మూసి చూపించాను, ఎడమది ఒక్కటే మూసి చూపించాను. అది కూడా చాలదేమోనని ఈల వేశాను. చెమటలు కారుతూ అంత కష్టపడి నవ్వడం నాకు అదే మొదలు.

గుమ్మంలో కృపమ్మ గారు ఫోన్ చెవి దగ్గర పెట్టుకుని నిలబడ్డారు. "అమ్మా, బండి రమ్మనాలా, వద్దా?"

"వద్దండి కృపమ్మ గారూ." ఆవిడ నా చెయ్యి వదిలేశారు. కళ్లు తుడుచుకుని, మామూలు గొంతుతో అడిగారు. "ఎందుకు చేశారండి?"

"ఇంకో వారం రావాలని."

"అంతేనా?"

అప్పుడైనా చెప్పాల్సింది. నాలుక పన్నెండో నరమట, అది ఆ రోజు నాకు పని చేయలేదు.

"ఐదు నిమిషాలండి," అన్నారు ఆవిడ. "ఆ ఐదు నిమిషాల్లో నేనేం అనుకున్నానో మీకు తెలీదు." కూర్చుని ఒక కాగితం మీద ఏదో రాశారు, కవరులో పెట్టి అంటించారు. "ఇకనుంచి మిమ్మల్ని విశ్వేశ్వరరావు గారు చూస్తారు. ఈ లెటర్ ఆయనకివ్వండి. క్లినిక్‌కి మళ్లీ రావద్దు."

ఇంటికెళ్లి అమ్మకు చెప్తే అమ్మ చెంప మీద కొట్టినంత పని చేసింది. "దేవుడు మొహం ఇస్తే గిట్లనా వాడుకునేది? ఆ పిల్ల గుండె ఎంత కొట్టుకున్నదో ఎరుకేనా నీకు? ముందు పోయి ఆ పెద్ద డాక్టర్‌కు చూపెట్టుకో. గది కూడ అబద్ధమో నిజమో నాకు తెల్వాలె." రెండు రోజులు అన్నం పెట్టింది గానీ మాట్లాడలేదు.

గురువారం సాయంత్రం విశ్వేశ్వరరావు గారి దగ్గరికి వెళ్లాను. ఆయనకు అరవై దాటి ఉంటాయి. పన్నెండు నరాల పరీక్షనూ పేపర్ చదివినంత తేలిగ్గా చేసేశారు. వాసన, చూపు, కనుపాపలు, దవడ, నుదురు, బుగ్గలు, చెవులు, గొంతు, భుజాలు, నాలుక.

"అంతా నార్మల్. అదృష్టవంతుడివి." అప్పుడు కవరు విప్పి చదివారు. కళ్లజోడు మీదుగా నన్ను చూశారు. మళ్లీ చదివారు. "ఇందులో ఏముందో తెలుసా నీకు?"

"తిట్టి ఉంటది సార్. తప్పు నాదే."

"నువ్వు చేసింది పిచ్చి పనేలే, అది మొదటి లైన్లోనే ఉంది. తర్వాతది చదువు." కాగితం నా ముందుకు తోశారు. "పేషెంటు లెటర్ పేషెంటు చదువుకోవచ్చు."

ఉత్తరం ఇంగ్లీషులో ఉంది. ఆ మొదటి లైను దాటాక ఉన్నది, తెలుగులో చెప్పాలంటే ఇది: రోగి ముఖం పూర్తిగా బాగైందని నా నమ్మకం. అయితే ఈ రోగిని ఇక ముందు డాక్టర్‌గా, నిష్పక్షపాతంగా పరీక్షించగలనన్న నమ్మకం నాకు లేదు. ఈ రోజు నా చేతులు వణికాయి. కారణం రోగి జబ్బులో లేదు, నాలో ఉంది. కాబట్టి దయచేసి మీరు చూసి కేసు ముగించగలరు.

మూడుసార్లు చదివాను. నాలుగోసారి అక్షరాలు కనబడలేదు. ఈసారి నా రెప్పలు రెండూ చక్కగా పడుతున్నాయి, కాబట్టి దానికి ఏ సాకూ లేదు.

"ముప్పై ఏళ్లలో నాకు ఎన్నో లెటర్లు వచ్చాయి," అన్నారాయన. "ఇలాంటిది రాయడానికి నిజాయితీ ఉండాలి. నీ దగ్గర అది ఉందా?"

"ఉన్నది సార్. సోమవారం ఒక్క రోజు లేకుండె."

ఆయన నవ్వి, ఫైల్ మీద కేసు ముగిసిందని రాసి, తేదీ వేసి, సంతకం చేశారు. "ఇప్పుడు నువ్వు ఎవరి పేషెంటువీ కావు. వెళ్లు."

రాయదుర్గం చేరేసరికి ఆరు దాటింది. వాన తన పని తాను చేసుకుపోతోంది. టవర్లన్నీ ఒకేసారి జనాన్ని బయటికి వదిలినట్టున్నాయి, రోడ్డంతా గొడుగులే. ప్రియదర్శిని గారు మాత్రం గొడుగు లేకుండా క్లినిక్ బయట మెట్ల మీద వాన తగ్గడం కోసం చూస్తున్నారు. నన్ను చూసి చూపు తిప్పుకున్నారు.

"క్లినిక్‌కి రావద్దన్నానండి."

"క్లినిక్‌ల కాలు పెట్టలే. మెట్ల మీదనే ఉన్న." విశ్వేశ్వరరావు గారు రాసిచ్చిన పరీక్ష కాగితం అందించాను. "పెద్ద సార్ చూసిండు."

ఆవిడ పై నుంచి కింది దాకా చదివారు. ప్రతి నరం దగ్గరా ఆగి చదివారు. చివరి లైను దగ్గర భుజాలు కిందికి దిగాయి. "బాగుందండి. అంతా బాగుంది," అన్నారు మెల్లగా.

"మీ లెటర్ కూడ చూపెట్టిండు."

ఆవిడ చెవులు ఎర్రబడ్డాయి. "అది డాక్టర్ల మధ్య ఉండాల్సిందండి."

"నేను చెప్పాల్సింది కూడ ఉన్నది. ఆ ఐదు నిమిషాలు మిమ్మల్ని ఏడిపించిన. గది నా తప్పు, మాఫ్ చేయుండ్రి. మొదటి రోజు మీరు టిష్యూ ఇచ్చినకాడి నుంచే మీరంటే నాకు ప్రేమ. నిండు మొహంతోని చెప్పాలని నెలన్నర ఆగిన. మొహం వచ్చింది, ధైర్యం రాలే. ఇప్పుడు రెండూ ఉన్నయ్, చెప్తున్న. మీరు ఒద్దంటే పోత."

ఆవిడ వాన వైపు చూస్తూ ఉన్నారు. నాకు ఆ కాసేపూ సోమవారం ఆవిడ పడ్డ ఐదు నిమిషాలు ఎలాంటివో బాగా అర్థమైంది.

"మీ నరం ఎప్పటికి బాగవుతుందా అని నేనూ రోజులు లెక్కపెట్టానండి," అన్నారు చివరికి. "మీరు బాగుపడాలని. ఇంకా, మీరు బాగుపడితే నేను మీ డాక్టర్ని కానక్కర్లేదని. సోమవారం మీ నుదురు లేచినప్పుడు, ఇక ఎప్పటికీ చెప్పలేనేమో అనుకున్నాను. అందుకే అంత కోపం వచ్చింది." కాగితం మడిచి నా చేతికిచ్చారు. "నా దగ్గర మళ్లీ ఎప్పుడూ నటించకండి. నొప్పి ఉంటే ఉందనండి, ఇష్టం ఉంటే ఉందనండి."

"ఇష్టం ఉన్నది."

"నాకూ ఉందండి."

ఇంత చిన్న మాట కోసం నేను ఒక పక్షవాతాన్ని కూడా మధ్యలోకి లాగాను చూడండి. అంతలో జేబులో ఫోన్ మోగింది. అమ్మ. మా అమ్మ ఫోన్‌లో మాట్లాడితే పక్క ఫ్లోర్‌కి కూడా వినబడుతుంది.

"ఏమన్నడురా డాక్టరు?"

"అంతా మంచిగున్నదన్నడే అమ్మా. నిజంగనే."

"ఆ పిల్లకు చెప్పినవా? ఏమన్నది?"

నేను నీళ్లు నమిలేలోపు ప్రియదర్శిని చెయ్యి చాపి ఫోన్ తీసుకుంది. "నమస్తే అండి. నేను ప్రియదర్శినిని." ఆ తర్వాత అవతలి నుంచి అమ్మ, ఎప్పుడూ లేనిది, గొంతు తగ్గించి ఆపకుండా మాట్లాడింది. ప్రియదర్శిని మధ్యమధ్య "అవునండి" అంది, "లేదండి, కోపం లేదండి" అంది, ఒక చోట కళ్లు తుడుచుకుంది, మరో చోట నన్ను చూసి నవ్వింది. ఫోన్ తిరిగి నా చేతిలో పెట్టేసరికి వాన కాస్త నెమ్మదించింది.

"ఏమంటున్నది అమ్మ?"

"ఆదివారం బోనాలట. మీ ఇంటికి భోజనానికి రమ్మన్నారు." చున్నీ తల మీదికి లాక్కుని ఒక మెట్టు దిగి, నా కోసం ఆగింది. "వస్తానని చెప్పేశాను."